రంగం తెలియని ప్రపంచ పౌరులు

మా రోజుల్లో ప్రపంచం బడికి సంచుల్లో వచ్చేది. మధ్యాహ్నం ఉప్మా కోసం అమెరికా నుంచి కేర్ సంస్థ వాళ్ళు పంపిన మొక్కజొన్న నూక సంచులవి. సంచి మీద ఇంగ్లీషు అక్షరాలు, వాటి నడుమ కరచాలనం చేస్తున్న రెండు చేతుల బొమ్మ. మా ఎలిమెంటరీ స్కూలు హెడ్మాస్టారు ఒక ఖాళీ సంచిని దులిపించి, ఉతికించి, తరగతి గోడకి మేకు కొట్టి తగిలించేరు. దాని పక్కనే ప్రపంచ పటం. "ఈ రెండు చేతుల్లో మనది ఏదిరా?" అని ఒకరోజు అడిగేరు. వెనక వరసలో గుంటడొకడు లేచి, "పుచ్చుకున్నోడిది మనదండి" అన్నాడు. "మరి పుచ్చుకున్నోడిది ఏదో చూపించు" అన్నారు మాస్టారు. వాడు బొమ్మ దగ్గరికెళ్ళి ఎంత చూసినా తెలీలేదు. రెండూ ఒక్కలాగే ఉన్నాయి. ఆ తర్వాత ఆయన ఆ నూక ఏ దేశంలో పండిందో, ఎన్ని సముద్రాలు దాటి వచ్చిందో కర్రతో పటం మీద చూపించేరు. మనకి వానలేక పంటలు ఎండిపోయినప్పుడు అక్కడెందుకు మిగులుతోంది, మిగిలినవాళ్ళు ఊరికే ఇస్తారా, ఇచ్చి ఏం ఆశిస్తారు అన్నది కూడా చెప్పేరు. మాకు సగమే బోధపడింది. ఆ సగమే నన్ను తర్వాత సోషల్ మాస్టారిని చేసింది.

ఈమధ్య మా మనవడి బడిలో 'గ్లోబల్ సిటిజన్‌షిప్ డే' అని చేసేరు. ప్రైవేటు బడి. రమ్మంటే వెళ్ళేను. పిల్లలకి రకరకాల దేశాల వేషాలు వేసేరు. జపాను వేషం వేసిన పాపకి తలలో పువ్వు, మెక్సికో వేషం వేసిన గుంటడికి పెద్ద టోపీ. వేషాలన్నీ అద్దెకి తెచ్చినవి. అద్దె డబ్బులు తల్లిదండ్రులవి. మా వాడు ఎనిమిదో తరగతి. వేదిక మీదకెళ్ళి తాను ప్రపంచ పౌరుణ్ణని ఇంగ్లీషులో గడగడా ఒప్పచెప్పేడు. చప్పట్లు కొట్టేరు, ఫొటోలు తీసేరు, అందరికీ సర్టిఫికెట్లు ఇచ్చేరు. ఇంటికొచ్చేక కూర్చోబెట్టి అడిగేను: "ఒరే, నువ్వు వేసిన వేషం ఏ దేశానిది?" ఘానా అన్నాడు. "ఘానా వాళ్ళతో మన శ్రీకాకుళం జిల్లా వాళ్ళకి ఏమైనా పని ఉంటుందా?" వాడు తెల్లబోయేడు. "మనకీ వాళ్ళకీ ఏటి సంబంధం తాతా?" అన్నాడు.

వాణ్ణి తప్పుపట్టను. వాడికి ఎవరూ చెప్పలేదు. వాడి బడికి గంటన్నర దూరంలో పలాస ఉంది. పలాస జీడిపప్పు అంటే వాడు నాలుగు పలుకులు ఎక్కువే తింటాడు. పలాస-కాశీబుగ్గలో జీడి ఫ్యాక్టరీలు ఏడాది పొడుగునా నడవాలంటే ఉద్దానం తోటల్లో కాసిన పిక్కలు చాలవు. మన పంట వేసవిలో వచ్చి అయిపోతుంది. ఆ తర్వాత ఆఫ్రికా పిక్కలు రావాలి. ఐవరీ కోస్ట్, బెనిన్, టాంజానియా, ఘానాలాంటి దేశాల్లో రైతులు ఏరిన పిక్కలు ఓడలెక్కి, లారీలెక్కి పలాస వస్తాయి. ఇక్కడ వాటిని ఉడకబెట్టి, ఒక్కో పిక్కనీ కత్తి కింద పెట్టి రెండుగా చీలుస్తారు. చీల్చేది ఆడవాళ్ళు. పెంకులోంచి కారే జీడిరసం చర్మాన్ని కాల్చేస్తుంది. చేతులకి నూనె రాసుకుని, బూడిద పులుముకుని కూర్చుంటారు. ఎంత రాసుకున్నా వేళ్ళ కొసలు నల్లబడి, తోలు లేచిపోతుంది. నా దగ్గర చదువుకున్న ఒక పిల్ల తల్లి వేలిముద్ర వెయ్యడానికి బడికి వస్తే, కాగితం మీద సిరా మరక తప్ప గీతలు పడలేదు. ఆ పప్పుని మళ్ళీ ఆరబెట్టి, పొర తీసి, పౌనుకి ఎన్ని గుళ్ళు తూగుతాయో చూసి 180, 240, 320 అని నంబర్లుగా విడదీసి డబ్బాలకెక్కిస్తారు. ఆఫ్రికా రైతుకి పిక్కల ధర పడిపోయినా, పెరిగిపోయినా కాశీబుగ్గలో పని దినాలు మారిపోతాయి. అక్కడి ప్రభుత్వాలు పిక్కలు బయటికి పంపకుండా తామే పప్పు చేసుకుంటామంటున్నాయి. అది వాళ్ళకి న్యాయమే. మరి ఇక్కడి ఆడవాళ్ళ మాటేమిటి? ఇదంతా ఒక పాఠం. ఒక పూట పట్టే పాఠం. దానికి అద్దె వేషం అక్కర్లేదు, గుప్పెడు పిక్కలు చాలు.

ప్రపంచ పౌరసత్వ విద్య అన్నది ఎక్కణ్ణుంచి వచ్చిందో చూద్దామని కాగితాలు తెప్పించుకుని చదివేను. 1974లో యునెస్కో సభ్యదేశాలకి ఒక సిఫారసు చేసింది, పిల్లలకి అంతర్జాతీయ అవగాహన, సహకారం, శాంతి నేర్పమని. నేను బి.ఎడ్. చదివే రోజుల్లో దాని గురించి ఒక ముక్క విన్నాను. 2012లో ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శి బాన్ కీ మూన్ చదువు మీద ఒక కార్యక్రమం మొదలుపెట్టి, దాని మూడు లక్ష్యాల్లో ఒకటిగా ప్రపంచ పౌరసత్వాన్ని పెట్టేరు. 2015లో దేశాలన్నీ ఒప్పుకున్న సుస్థిర అభివృద్ధి లక్ష్యాల్లో 4.7 అన్న అంశం అదే. 2020 జులైలో వచ్చిన మన జాతీయ విద్యా విధానం 11.8 పేరాలో దాన్ని పేరుపెట్టి రాసింది. రాసింది ఉన్నత విద్య అధ్యాయంలో. లోకంలో ఉన్న సమస్యలు పిల్లలు తెలుసుకోవాలి, శాంతి, సహనం ఉన్న సమాజం కోసం వాళ్ళే పూనుకోవాలి అని దాని సారం. 2023 నవంబరులో యునెస్కో ఆ పాత సిఫారసుని తిరగరాసి, పేరులోనే ప్రపంచ పౌరసత్వాన్ని చేర్చింది. ఈ రాతల్లో నాకు పేచీ ఉన్న మాట ఒక్కటీ లేదు. మంచి రాతలు. పెద్దమనుషులు కూర్చుని ఆలోచించి రాసినవే. నా బాధంతా అవి ఢిల్లీ నుంచి అమరావతికి, అమరావతి నుంచి జిల్లాకి, జిల్లా నుంచి మండలానికి దిగి తరగతి గదికి వచ్చేసరికి ఏమైపోతున్నాయన్నదే.

వచ్చేసరికి అవి ఇంగ్లీషు పరీక్షలైపోతున్నాయి. 2023లో మన ప్రభుత్వ బడుల్లో మూడో తరగతి నుంచి టోఫెల్ అన్నారు. 2024 జనవరిలో ఇంటర్నేషనల్ బాకలారియెట్ వాళ్ళతో ఒప్పందం రాసుకున్నారు. ఆ ఏడాదే ప్రభుత్వం మారింది, రెండూ పక్కకి పోయేయి. ఏ పార్టీ తెచ్చింది, ఏ పార్టీ తీసింది అన్న గొడవ నాకొద్దు. తెచ్చినప్పుడూ తీసినప్పుడూ కూడా ఎవరూ అడగని ప్రశ్న ఒకటుంది: ఆ పిల్లలకి ప్రపంచం గురించి మనం ఏం చెబుతున్నాం? 2023 సెప్టెంబరులో ప్రభుత్వ బడుల పిల్లలు పదిమంది న్యూయార్క్ వెళ్ళి ఐక్యరాజ్యసమితి చూసొచ్చేరు. పేదింటి పిల్లలు ఆ గుమ్మం తొక్కేరని పేపర్లో చదివి సంతోషంతో కళ్ళు చెమర్చాయి నాకు. అలాంటివి ఇంకా జరగాలి. కానీ వెళ్ళలేని లక్షలమందికి బడిలో ఏం దొరికింది?

ఇంగ్లీషు రావాలి. రాకపోతే మన పిల్లలు నష్టపోతారు, అందులో వాదం లేదు. అయితే మన జిల్లాల జనం ప్రపంచంతో పని పడ్డప్పుడు ఏ భాషలు నేర్చేరో చూడండి. వేరావల్‌లో బోటు ఎక్కినవాడు గుజరాతీ నేర్చేడు. పోర్టుబ్లెయిర్‌లో తాపీపని చేసినవాడు హిందీ నేర్చేడు. చెన్నైలో మట్టి మోసినామె అరవం నేర్చింది. ఇచ్ఛాపురం బజార్లో కూరగాయలమ్మే మనిషి ఒడియా బేరం ఒడియాలోనూ, తెలుగు బేరం తెలుగులోనూ ఆడుతుంది. వీళ్ళెవరికీ సర్టిఫికెట్లు లేవు. వీళ్ళ చదువుని చదువుగా లెక్కవేసిన బడి నాకు కనబడలేదు.

ఒక్కసారి మాత్రం కనబడింది. అది మా రోజుల్లో, నా చిన్నతనంలో. 1964-65 ప్రాంతం. బర్మాలో సైనిక ప్రభుత్వం దుకాణాలు, వ్యాపారాలు జాతీయం చేసేక అక్కడున్న మనవాళ్ళు కట్టుబట్టలతో ఓడలెక్కి వచ్చేసేరు. అలా వచ్చిన ఒక కుటుంబం మా ఊళ్ళో దూరపు చుట్టాల పంచన చేరింది. వాళ్ళ గుంటడు మా తరగతిలో చేరేడు. నాకంటే ఏడాదో రెండేళ్ళో పెద్ద. తెలుగు మాట్లాడతాడు కానీ చదవడం రాదు. లుంగీ కట్టుకుని బడికొచ్చేడని మేమంతా నవ్వేం. మొదటివారం వాడి పక్కన ఎవరం కూర్చోలేదు. ఆ సంగతి మాస్టారు గమనించేరు. మమ్మల్ని కొట్టలేదు, తిట్టలేదు. వాణ్ణి బోర్డు దగ్గరికి పిలిచి, "నువ్వు అక్కడ రాసే రాత ఒక లైను రాయి" అన్నారు. వాడు సుద్దముక్క పుచ్చుకుని రాసేడు. గుండ్రంగా, ముత్యాల్లాంటి అక్షరాలు. మన అక్షరాల చుట్టాల్లాగే ఉన్నాయి. మేం నోరెళ్ళబెట్టేం. "ఇప్పుడు అంకెలు చెప్పు" అన్నారు. తిత్, హ్నిత్, తోన్, లే, ఙా. తరగతంతా వాడి వెనకాల చెప్పింది. ఆ సాయంత్రానికల్లా కబడ్డీ కూత ఆ అంకెలతో పెట్టేం. నాకు ఇప్పటికీ ఐదు వరకూ వచ్చు. ఆ నెలలోనే మాస్టారు వాణ్ణి పటం దగ్గర నిలబెట్టి, రంగం నుంచి విశాఖపట్నం దాకా వచ్చిన దారి చెప్పించేరు. ఓడలో చెల్లెలికి జ్వరం వచ్చిన సంగతి చెబుతూ వాడు ఏడిచేడు. మేమూ ఏడిచేం. ఆ తర్వాత లుంగీ చూసి నవ్వినవాడు లేడు.

రంగం అంటే రంగూన్ అని ఇప్పటి పిల్లలకి తెలీదు. మా తాతల కాలంలో శ్రీకాకుళం, విజయనగరం వైపు రంగం వెళ్ళినవాడు లేని పల్లె ఉండేది కాదు. కళింగపట్నం రేవులో, భీమునిపట్నం రేవులో ఓడెక్కేవారు. రంగూన్ హార్బరులో మూటలు మోసింది, బియ్యం మిల్లుల్లో చెమటోడ్చింది మనవాళ్ళే. డబ్బు పంపితే ఇక్కడ పెంకుటిళ్ళు లేచేయి. 1930 మే నెలలో హార్బరు పని దగ్గర మన కూలీలకీ బర్మా కూలీలకీ గొడవొచ్చి పెద్ద మారణకాండే జరిగింది. సమ్మె చేస్తున్న తెలుగువాళ్ళ చోట కంపెనీలు బర్మావాళ్ళని పెట్టుకున్నాయి. సమ్మె తెగ్గానే వాళ్ళని పొమ్మన్నాయి. లాభం కంపెనీది, నెత్తురు రెండు పక్కల కూలీలది. 1942లో జపాను దాడులప్పుడు అడవుల్లోంచి, కొండల్లోంచి నడిచొచ్చినవాళ్ళ కథలు మా నాయనమ్మ చెబితే మేం నిద్రపోయేవాళ్ళం కాదు. పరాయి ఊళ్ళో పనికెళ్ళినవాడి మీద ద్వేషం ఎలా పుడుతుంది, ఎవరు పుట్టిస్తారు, దాన్ని ఎలా ఆపాలి అన్నది నేర్పడానికి ఇంతకంటే పాఠం ఎక్కడ దొరుకుతుంది? మన పాఠ్యపుస్తకాల్లో ఎన్నో దేశాల విప్లవాలున్నాయి. రంగం లేదు.

ఇంకొకటి చెప్పాలి, ఇది నాకు మరీ కష్టంగా ఉంటుంది. గిడుగు రామమూర్తి పంతులుగారి పుట్టినరోజున, ఆగస్టు 29న, తెలుగు భాషా దినోత్సవం చేస్తాం. దండ వేస్తాం, వ్యాసరచన పోటీలు పెడతాం. వాడుకభాష కోసం పోరాడేరని చెబుతాం. అంతవరకూ మంచిదే. మన శ్రీకాకుళం జిల్లా పర్వతాలపేటలో పుట్టిన ఆ మనిషి పర్లాకిమిడి రాజావారి బడిలో చరిత్ర పాఠాలు చెప్పే పంతులు. సంతకి దిగొచ్చే సవర గిరిజనుల్ని చూసి, వీళ్ళ పిల్లలు చదువుకోవాలంటే ముందు వీళ్ళ భాష నేను నేర్చుకోవాలి అనుకున్నారు. సవర కుర్రవాణ్ణి ఇంట్లో పెట్టుకుని అన్నం పెట్టి, వాడి దగ్గర శిష్యుడై నేర్చేరు. ఆ రోజుల్లో అది ఎంత పెద్ద మాటో కాస్త ఆలోచించండి. సవర భాషలో వాచకాలు తయారుచేసేరు. సొంత డబ్బుతో బడులు పెట్టేరు. 1911లో మద్రాసు ప్రభుత్వం మెచ్చుకుని పారితోషికం ఇవ్వబోతే, ఆ డబ్బుతో సవరలకి బడి పెట్టించండి అన్నారు. 1931లో సవర వ్యాకరణం, ఆ తర్వాత నిఘంటువు వచ్చేయి. అప్పటికి ఆయన వయసు డెబ్బై దాపుల్లో ఉంది.

విజయనగరంలో ఆయనతో కలిసి చదువుకున్నవాడు గురజాడ అప్పారావు. దేశభక్తి గేయం రాసిన గురజాడ దేశాన్ని మనుషుల్లో చూసేడు. జాతులు, మతాలు చేతులు కలపాలని వందేళ్ళ క్రితమే కోరేడు. ఆ గేయాన్ని ఇప్పుడు పంద్రాగస్టుకి రెండు చరణాలు పాడి వదిలేస్తున్నారు. అదే ఊళ్ళో ఆదిభట్ల నారాయణదాసు. కాళ్ళకి గజ్జె కట్టి హరికథ చెప్పే మనిషి పారసీకం నేర్చుకుని ఉమర్ ఖయ్యాం రుబాయీల్ని సంస్కృతంలోకీ అచ్చతెలుగులోకీ దించేరు. 1932లో పుస్తకం వచ్చింది. షేక్‌స్పియర్‌నీ కాళిదాసునీ పక్కపక్కన పెట్టి నవరసతరంగిణి రాసేరు. ఒక్క విజయనగరం గాలిలో ఇంతమంది. వీళ్ళెవరూ తమ ఊరు వదిలి ప్రపంచంలోకి పోలేదు, ప్రపంచాన్నే తమ గుమ్మంలోకి తెచ్చుకున్నారు. మా కాలేజీ రోజుల్లో మాకు దొరికిన ప్రపంచం విశాలాంధ్ర వాళ్ళ పుస్తకాల వ్యానులో వచ్చేది. మాస్కోలో అచ్చయిన తెలుగు పుస్తకాలు, రూపాయికీ రెండు రూపాయలకీ. గోర్కీనీ టాల్‌స్టాయ్‌నీ నేను తెలుగులోనే చదివేను. వాళ్ళు నాకు పరాయివాళ్ళుగా ఎప్పుడూ అనిపించలేదు.

గిడుగు పంతులుగారి దారిలో ప్రభుత్వం ఒకసారి నడిచింది, అది ఒప్పుకోవాలి. 2004లో బహుభాషా విద్య అని ఎనిమిది గిరిజన భాషల్లో మొదలుపెట్టేరు, అందులో సవర ఉంది. సవర పిల్లలకి సవర పలుకుతోనే అక్షరాలు. నేను సీతంపేట వైపు ఒక బడికెళ్ళి చూసేను. ఒకటో తరగతి పిల్ల పుస్తకంలో తన ఇంటి వస్తువు బొమ్మ చూసి, దాని పేరు తన భాషలో చదివి మాస్టారి వైపు చూసిన చూపు మరిచిపోలేను. తర్వాత తర్వాత ఇంగ్లీషు మీడియం హోరులో దాని ఊపు తగ్గిపోయింది. కొండ దిగిన సవర పిల్ల హాస్టల్లో తన భాష మాట్లాడితే తోటిపిల్లలు ఎగతాళి చేస్తున్నారని నాకు తెలుసు. ఆ తోటిపిల్లలే వేదికెక్కి వైవిధ్యం మీద ఇంగ్లీషులో ప్రసంగిస్తున్నారు. పక్క మంచం మీద పడుకున్న పిల్ల భాషలో మంచినీళ్ళని ఏమంటారో తెలీనివాళ్ళకి ఏ ప్రపంచం గురించి చెబుతున్నాం మాస్టార్లూ?

సముద్రం ఒడ్డుకి రండి. 2018 నవంబరులో మన శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల మత్స్యకారులు గుజరాత్ తీరంలో వేటకెళ్ళి పాకిస్తాన్ వాళ్ళకి చిక్కేరు. ఇక్కడ బోట్లు నిలిపే జెట్టీలు లేక, వేట గిట్టక, వేరావల్ దాకా పోయి కూలికి బోటెక్కినవాళ్ళు. ఏడాదికి పైగా కరాచీ జైల్లో ఉన్నారు. 20 మంది 2020 జనవరి 6న వాఘా దగ్గర ఇవతలికి వచ్చేరు. వాళ్ళ కథ మీద 'తండేల్' సినిమా కూడా వచ్చింది. పిల్లలందరికీ పాటలు వచ్చు. కానీ సముద్రంలో సరిహద్దు గీత ఎక్కడుంటుంది, సర్ క్రీక్ దగ్గర ఆ గీత మీద రెండు దేశాలకీ ఇప్పటికీ తగువెందుకుంది, బోటులో ఏ సామాను ఉంటే గీత దాటేమో లేదో తెలుస్తుంది అన్నది మత్స్యలేశంలాంటి మత్స్యకారుల ఊరి బడిలో ఎవరు చెబుతున్నారు? భారత్, పాకిస్తాన్ 2008లో ఒక ఒప్పందం చేసుకున్నాయి. దాని ప్రకారం ఏటా జనవరి 1న, జులై 1న రెండు దేశాలూ తమ జైళ్ళలో ఉన్న అవతలి దేశపు ఖైదీల, మత్స్యకారుల జాబితాలు ఇచ్చిపుచ్చుకోవాలి. తండ్రి తిరిగిరాని ఇంట్లో పిల్లకి ఈ ఒక్క ముక్క తెలిస్తే, ఏ తేదీన ఏ ఆఫీసు తలుపు తట్టి ఏ కాగితం అడగాలో తెలుస్తుంది. ఇది ఏ సోషల్ పుస్తకంలోనూ నాకు కనబడలేదు. 2014 జూన్‌లో చెన్నై మౌలివాక్కంలో పదకొండంతస్తుల భవనం కూలి 61 మంది పోతే, వాళ్ళలో మన రెండు జిల్లాల కూలీలు ఎందరో ఉన్నారు. వలస కూలీల కోసం 1979లో చేసిన చట్టం ఒకటి అప్పటికి ఉందని వాళ్ళకి ఎవరైనా చెప్పేరా? పదో తరగతి దాకా వాళ్ళలో కొందరికైనా పాఠాలు చెప్పింది మాలాంటివాళ్ళమే కదా.

ఉద్దానం సంగతి తలుచుకుంటే గుండె బరువెక్కుతుంది. కవిటి, సోంపేట, కంచిలి, మందస, వజ్రపుకొత్తూరు, పలాస, ఇచ్ఛాపురం, ఈ మండలాలన్నీ కలిపి ఉద్దానం. కొబ్బరితోటలు, జీడితోటలు, పనసచెట్లు, కోనసీమకి తీసిపోని పచ్చదనం. అంత పచ్చదనంలో కిడ్నీలు పాడైపోయి మనుషులు రాలిపోతున్నారు. షుగరు లేదు, బీపీ లేదు, అయినా పాడైపోతున్నాయి. కారణం ఇదీ అని ఇంకా తేలలేదు. పలాసలో కిడ్నీ ఆసుపత్రి 2023 డిసెంబరులో తెరిచేరు, మంచి పని. ఇలాంటి జబ్బే శ్రీలంకలో అనురాధపురం చుట్టుపక్కల వరి రైతులకి వస్తోంది. ఎల్ సాల్వడార్, నికరాగువాల్లో ఎండలో చెరుకు నరికే కూలీలకి వస్తోంది. అక్కడి డాక్టర్లూ ఇక్కడి డాక్టర్లూ ఒకరి లెక్కలు ఒకరు చూసుకుంటున్నారు. నీళ్ళా, ఎండా, పురుగుమందులా అని వెతుకుతున్నారు. తండ్రి డయాలసిస్‌కి వెళ్ళే రోజు బడి మానేసే గుంటడు కవిటిలో ఉన్నాడు. వాడికి సరిగ్గా వాడిలాంటి గుంటడు శ్రీలంకలో ఉన్నాడని ఒక్క మాస్టారు చెబితే, వాడికి భూగోళం ఎంత దగ్గరవుతుందో! తన ఊరికి శాపం తగిలిందని అనుకుంటున్నవాడు, ఇది శాపం కాదు, లోకంలో ఇంకొందరితో కలిసి తేల్చుకోవాల్సిన ప్రశ్న అని తెలుసుకుంటాడు.

మా రోజులన్నీ బంగారం అని నేను అనను. అంటే అబద్ధమాడినట్టే. మా తరగతిలో మొదట్లో చాలామంది ఆడపిల్లలు ఉండేవారు. పై తరగతులకి వచ్చేసరికి ముగ్గురో నలుగురో మిగిలేవారు. దళితుల పిల్లలకి కుండలో నీళ్ళు ముంచుకునే హక్కు లేని బళ్ళు నేను చూసేను. కొండ మీద పిల్లలకి బడే లేదు. ప్రపంచ పటం ముందు చేతులు కట్టుకుని నిలబడిన మాకు మా వీధి చివర ఏం జరుగుతోందో అడిగే ధైర్యం లేదు. ఇవాళ కస్తూర్బా బడుల్లో చదివే ఆడపిల్లల్ని చూస్తే, ధాటిగా మాట్లాడే వాళ్ళ తీరు చూస్తే, మా అప్పలు, చెల్లెళ్ళు ఏం పోగొట్టుకున్నారో తెలుస్తుంది. ఆమదాలవలస పక్క ఊసవానిపేట ఆడపిల్ల కరణం మల్లీశ్వరి 2000లో సిడ్నీ ఒలింపిక్స్‌లో పతకం తెచ్చింది. దేశంలో ఏ ఆడమనిషీ అంతకు ముందు తేలేదు. ఇలాంటి మార్పులన్నీ వచ్చేక కూడా పాఠం చెప్పే తీరు ఇంత వెలితిగా ఉందే అన్నదే నా గోల.

మాస్టార్లని ఒక్కళ్ళనే అంటే పాపం వస్తుంది. వాళ్ళకి తీరిక ఏది? పొద్దున్న వెళ్ళగానే పిల్లల హాజరు యాప్‌లో, గుడ్ల లెక్క యాప్‌లో, మరుగుదొడ్డి ఫొటో యాప్‌లో. కార్యక్రమం చేసినట్టు ఫొటో పెట్టకపోతే సంజాయిషీ అడుగుతారు, పాఠం చెప్పకపోతే మాత్రం ఎవరూ అడగరు. అందుకే జెండాలూ వేషాలూ ముందుకొచ్చేయి. అవి ఫొటోలో పడతాయి. పిల్లాడి మనసులో పడింది ఫొటోలో పడదు. ప్రైవేటు బడుల్లో సోషల్ పీరియడ్ అంటే లెక్కల పీరియడ్ కింద పోతుంది. ఐఐటీ ఫౌండేషన్ అని ఆరో తరగతి నుంచే మొదలుపెట్టేరు. తల్లిదండ్రులు కూడా సోషల్ మార్కులు ఎందుకంటున్నారు. అదే తల్లిదండ్రులు పిల్లల్ని అమెరికా పంపాలనుకుంటున్నారు. అమెరికాలో మనుషులున్నారని, వాళ్ళకో చరిత్ర ఉందని, అక్కడికి వెళ్ళిన పిల్లవాడు అక్కడ రంగం వెళ్ళిన కూలీలాగే పరాయివాడవుతాడని ఎప్పుడు చెబుతారు?

టెక్కలి దగ్గర తేలినీలాపురంలో చింతచెట్ల మీద ఏటా పెలికాన్లు, ఎర్రకాళ్ళ కొంగలు గూళ్ళు కడతాయి. సైబీరియా పక్షులని ఊళ్ళో అంటారు. ఎక్కడివైతేనేం, ఊరివాళ్ళు వాటి మీద రాయి వెయ్యనివ్వరు. అవి రాకపోతే ఆ ఏడు ఊరికి మంచిది కాదని దిగులుపడతారు. ఏ పాలసీ చదివి నేర్చుకున్నారు వాళ్ళు? సోంపేట బీల అనే చిత్తడి నేల కోసం ఊళ్ళు ఊళ్ళే కదిలేయి. థర్మల్ ప్లాంటు వద్దన్నందుకు 2010 జులై 14న కాల్పుల్లో ఇద్దరు పోయేరు. సరిగ్గా ఆ రోజే ఢిల్లీలో పర్యావరణ అప్పిలేట్ అథారిటీ ఆ ప్లాంటు అనుమతి కొట్టేసింది. వాతావరణ మార్పు మీద చార్టు గీయమని పిల్లలకి ప్రాజెక్టు పని ఇస్తున్నారు. చార్టు ఇంటర్నెట్ సెంటర్లో ప్రింటు తీసి అంటించేస్తున్నారు. ఆ పిల్లల్ని బస్సెక్కించి బీల గట్టు మీద నిలబెట్టండి. అక్కడ ముసలివాళ్ళు చెబుతారు.

కనుక ఉపాధ్యాయ సోదరులకీ, అక్కచెల్లెళ్ళకీ, పిల్లల్ని కన్నవాళ్ళకీ నేను అడిగేది ఇది. ఈసారి అక్టోబరు 24న ఐక్యరాజ్యసమితి దినం చేసినప్పుడు వేషాలు వద్దు. పలాసలో జీడిపిక్క చీల్చిన అమ్మని ఒకామెని పిలిచి కుర్చీ వేసి కూర్చోబెట్టండి. కరాచీ జైలు చూసొచ్చిన మత్స్యకారుణ్ణి పిలవండి. సవర పిల్ల చేత పది మాటలు చెప్పించి తరగతంతా నేర్చుకోండి. మీ ఊళ్ళో రంగం నుంచి వచ్చినవాళ్ళు ఎవరైనా ఉన్నారేమో ఆరా తియ్యండి. 1942లో నడిచొచ్చినవాళ్ళు దాదాపు అందరూ వెళ్ళిపోయేరు. 1964లో పిల్లలుగా ఓడెక్కి వచ్చినవాళ్ళకి ఇప్పుడు డెబ్బై ఏళ్ళ దాపు. ఇంకా కొందరు ఉన్నారు. వాళ్ళని అడిగి రాసుకోండి, బేగి వెళ్ళండి.